కూతురు వచ్చే సీన్

విన్నిపెగ్‌లోని వృద్ధాశ్రమంలో దేవిశ్రీ కేర్‌గివర్. మధ్యాహ్నం మందులు తీసుకెళితే క్లెమెన్స్ ఊరికే మింగడు. జర్మనీలో నలభై ఏళ్లు సినిమాలూ టీవీ సీరియళ్లూ తీసిన డైరెక్టరాయన. కూతురున్న దేశమని ముసలితనంలో కెనడా వచ్చాడు. ఇప్పుడు ఆయనకు గుర్తున్నది ఒక్క సీనే.

"బయటికెళ్లి మళ్లీ రా. నువ్వు నా కూతురివి. ‘నాన్నా, వచ్చాను’ అనాలి."

రోజూ నాలుగైదు టేకులు. ఏడవకూడదు, నవ్వకూడదు అని దిద్దేవాడు. ఓకే చేశాకే మాత్ర వేసుకునేవాడు.

ఈరోజు దేవిశ్రీ లోపల ఉండగానే అసలు కూతురు తలుపు తీసింది. పదేళ్ల తర్వాత వాంకూవర్ నుంచి వచ్చింది. "నాన్నా, వచ్చాను" అంటూనే ఏడ్చేసింది.

క్లెమెన్స్ చెయ్యెత్తాడు. "కట్. ఏడుపు ఎక్కువైంది. ఎవరూ నమ్మరు."

"సార్, ఈమె నిజంగానే మీ అమ్మాయి," అంది దేవిశ్రీ.

ఆయన జాలిగా చూశాడు. "నీకు తెలీదులే. అది రాదనే కదా, ఈ సీన్ రాసుకున్నాను."

కూతురు కళ్లు తుడుచుకుంది. బ్యాగు భుజాన వేసుకుని బయటికి నడిచింది. తలుపు మూసి, మళ్లీ తట్టింది.