మాట్లాడని ఎలుగుబంటి

"రంగులు లేవు, పాట లేదు, మాట లేదు. అదేం కార్టూన్ బాబూ?" టేపుల గది పెద్దాయన విసుక్కున్నాడు.

"ఉంది మాస్టారూ. ఈ కళ్ళతో చూశాను." కళ్ళజోళ్ళ దుకాణం నడిపే అతను సంచీలోంచి నిమ్మకాయలు తీసి బల్ల మీద పెట్టాడు. "మా పెరటివి. నాకంటే ఐదేళ్ళు చిన్నది మా చెట్టు, కాపు మాత్రం ఆగదు."

టీవీ కేంద్రంలో పాత టేపులకు కాపలా ఆ పెద్దాయనే. ఇతను రావడం ఈ వారంలో మూడోసారి. మరుగున పడ్డ కార్టూన్లు వెతికేవాళ్ళు కనబడితే చాలు, పట్టుకుని అడిగేవాడు. ఒక్కరికీ గుర్తులేదు. కలగన్నావు పొమ్మన్నారు.

"కథేమిటో మళ్ళీ చెప్పు."

"టోపీ ఉన్న వానకోటు వేసుకున్న ఎలుగుబంటి. గొయ్యి తవ్వుతుంది. పెద్ద మూట ఈడ్చుకొచ్చి అందులో పడేస్తుంది. మట్టి కప్పి, పైన మొక్క నాటి, చివర్న తిన్నగా నా వైపే చూస్తుంది. తేనె దాచుకుంటోంది దొంగమొహంది అని తెగ నవ్వుకున్నా."

"ఇంత వయసొచ్చాక ఆ బొమ్మతో నీకేం పని?"

అతను బల్ల మీది నిమ్మకాయొకటి చేతిలోకి తీసుకున్నాడు. "పెద్ద తుఫాను వెలిసిన మర్నాడు, ఆ బొమ్మ చూసిన పూటే, మా నాన్న ఇల్లొదిలి వెళ్ళిపోయాడు మాస్టారూ. నాకు ఐదేళ్ళు. 'బొమ్మలొస్తాయి, టీవీ చూస్తూ కూర్చో, వెనక్కి తిరిగావో చంపేస్తా' అంది అమ్మ. నేను తిరగలేదు. నాన్న నా వెనకనుంచే వెళ్ళాడట. ఒక్కసారి తల తిప్పి ఉంటే ఆగేవాడేమో! అంత గొప్పగా ఏముందో ఆ బొమ్మలో, చూడాలి."

"అమ్మగారిని అడగరాదూ?"

"ఆ మాటెత్తితే కస్సుమంటుంది. ఈమధ్య మాత్రం రోజూ తనే అడుగుతోంది, దొరికిందా అని. లేదంటేనే నాలుగు ముద్దలు తింటుంది."

పెద్దాయన మనసు కరిగింది. నిచ్చెనెక్కి ప్రసారాల పుస్తకం దించాడు. ఏ పూట ఏం వేశారో, ఆగితే ఎందుకు ఆగిందో, నిమిషాలతో సహా రాసి ఉంచడం అక్కడి పద్ధతి.

పెద్దాయన పేజీలు తిప్పుతుంటే అతను వృత్తిధర్మం మరవలేదు. "మాస్టారూ, మీ అద్దాల్లో నా వెనకున్న కిటికీ మొత్తం కనబడుతోంది. మెరుపు పడని అద్దాలు నేనిస్తాలెండి."

పెద్దాయన వేలు ఒకచోట ఆగింది. వెనక పేజీ చూశాడు. ముందు పేజీ చూశాడు.

"మీ టీవీ ఎక్కడుండేది?"

"పెరటి కిటికీకి ఎదురుగా. ఇప్పటికీ అక్కడే ఉంది, అమ్మ కదలనివ్వదు. ఏం మాస్టారూ, దొరికిందా?"

పెద్దాయన కళ్ళజోడు తీసేశాడు.

"ఆ వారమంతా ఊళ్ళో కరెంటే లేదు బాబూ."