పాపర్ దావా

ఏమోయ్ తెలివైనవాడా, నిన్నే! కోర్టు తలుపులు అందరికీ తెరిచే ఉంటాయనుకుంటున్నావు కదూ? సినిమాహాలు తలుపులూ తెరిచే ఉంటాయి, టికెట్టు లేకుండా ఒకసారి దూరి చూడు. కోర్టు టికెట్టు పేరు కోర్టు ఫీజు. నువ్వు అడిగే ఆస్తి ఎంత ఖరీదైతే టికెట్టూ అంత ఖరీదు. ఆ టికెట్టు దగ్గరే మన కమలాంబ చిక్కుకుని, సివిల్ కోర్టు బోనులో చెమటలు కక్కుతోంది.

రాయపురంలో తండ్రి వదిలిపోయిన తాళ్ల అంగడిలో సగం ఇమ్మని అన్న నాగలింగం మీద దావా వేసింది. ఫీజు తగ్గుతుందని, అంగడి పాతది, పెద్ద వెల చెయ్యదని రాయించింది. నాగలింగం ఊరుకుంటాడా? వానొస్తే లోపల గొడుగేసుకుని కూర్చునే ఆ కట్టడాన్ని బర్మా టేకు మేడ అని పొగిడి పొగిడి కోర్టు చేత వెల పెంచించాడు. దాంతో ఫీజు కొండెక్కింది. ఏమీ లేని పేదవాళ్లు ఫీజు కట్టకుండానే నడుపుకునే పాపర్ దావా ఒకటుందని వకీలు చెబితే, కమలాంబ అందులోకి దిగింది.

"నీకు ఆస్తేమీ లేదంటావు?" నాగలింగం తరఫు వకీలు గద్దించాడు.

"కట్టుకున్న చీర, మెళ్లో తాళి. అంతే సామీ."

"నగలు?"

"లేవు."

"అబద్ధం!" వెనకనుంచి నాగలింగం అరిచాడు. "దాని పెండ్లికి కాసులపేరు, గాజులు మా నాయనే చేయించి పెట్టినాడు!"

"సంసారంలో అన్నీ కరిగిపోయినాయి," అంది కమలాంబ, అన్న వైపు చూడకుండా.

పక్కింటి మంగళ సాక్ష్యానికొచ్చింది. "పండగనాడు కూడా పసుపుతాడే సామీ, పాపం," అని కొంగుతో కళ్లొత్తుకుంది. జడ్జీగారు నమ్మారు. ఫీజు లేకుండానే దావా నడుస్తుందన్నారు.

ఆ మంగళ బీరువాలోనే నగల మూట భద్రంగా ఉందని కమలాంబకు ధైర్యం. దాచిపెడతానని మూట అడిగి తీసుకున్నదీ మంగళే.

సాయంత్రం కమలాంబ పరుగున మంగళ ఇంటికి పోయింది.

"మంగళక్కా, నీ పుణ్యాన గట్టెక్కినా! ఏదీ, నా మూట ఇయ్యి."

మంగళ చాటలో బియ్యం ఏరుతూ తలెత్తలేదు. "ఏ మూట?"

"ఆటలాడబాకక్కా. నా నగల మూట."

"నీకు నగలు యాడివమ్మా? పొద్దన్నే కదా జడ్జీ ముందర లేవని సత్యం చేస్తివి! నీ పక్క నేనూ సాక్షి చెప్పొస్తినే."

కమలాంబ గడప మీదే కూలబడింది. "అక్కా... నీ కాళ్లు పట్టుకుంటా."

"కాళ్లెందుకు? పోలీసుకు పో, ఎవురొద్దన్నారు? కోర్టులో దొంగ సత్యం చేసినానని నీ నోటితోనే చెప్పు. మీ అన్న నోట్లో కలకండ పోసినట్టుంటాది."

ఎట్లా ఇల్లు చేరిందో కమలాంబకే తెలియదు. మొగుడు బాలసుందరం పేపరు చదువుతున్నాడు. అతని ముందు పడి భోరుమంది.

"తోడబుట్టినోడు మోసం చేసినాడని దాని భుజం మీదనే ఏడిస్తినండీ! దాని బిడ్డకు జొరమొస్తే తెల్లార్లూ నేను కూర్చుంటి. అదా నన్ను ముంచేది?"

బాలసుందరం పేపరు మడిచాడు, మళ్లీ విప్పాడు.

కమలాంబ ముఖం తుడుచుకుని చెప్పులేసుకుంది. "నేను స్టేషనుకు పోతా. కోర్టులో అబద్ధం చెప్పినానని ఒప్పుకుంటా. దావా పోతే పోనీ, జైల్లో పెడితే పెట్టనీ. దాన్ని మాత్రం వదిలేది లేదు."

బాలసుందరం ఒక్క గెంతులో వచ్చి తలుపుకు అడ్డం నిలబడ్డాడు. "పోబాక కమలా! పోతే దావా మునిగిపోతాది!"

"అంగడి నాకొద్దు! అవి మా నాయన పెట్టిన నగలు. మీకు భయమైతే ఈడే కూర్చోండి. జరగండి!"

"భయం కాదే..."

"మరి ఏంది?"

అతను తల వంచుకున్నాడు. "నువ్వు కోర్టులో చెప్పింది అచ్చం నిజమే కమలా. నీ నగలు నేను ఎప్పుడో అమ్ముకుంటి... మంగళ మింగింది ఉత్త కవరింగు."