నల్లా వచ్చే వేళకు

సదాశివ చంకలో కొత్త రబ్బరు చెప్పుల జత ఉంది. ఆడవాళ్లవి, ఆరో నంబరువి. వరుసలో నిలబడ్డవాళ్లు వాటిని చూసి తలలు తిప్పుకున్నారు.

ఉప్పుగూడ స్టేషన్ వెనక ఆ వరుస పొద్దు పొడిచేసరికే తయారైంది. ఇవాళ ఆఖరి రోజు. సొరంగంలో కాంక్రీటు రింగులు ఒక్కొక్కటే బీటలిస్తున్నాయి. సాయంత్రం సిమెంటు పోసి మూసేస్తారట. గడిచిపోయిన రోజుల్లోకి నడిచి వెళ్లే దారి వేస్తామని మొదలుపెట్టిన కాలమార్గం పథకం అది. ఈ సొరంగం గుంత ఎప్పుడు తవ్వారని చుట్టుపక్కల ఎవరినడిగినా "పర్సోం తవ్విండ్రు" అంటారు. పర్సోం అంటే మొన్న, కానీ ఈ గల్లీల్లో గడిచిపోయిందంతా మొన్ననే. ఆ మొన్న తవ్విన గుంతలో మూడు వానాకాలాల నీళ్లు నిలిచి, దోమలు మునిమనవలను కూడా చూశాయి.

గేటు తెరిచి మాత్రం పది రోజులే. మనిషికి ఒక్కసారే అవకాశం. వెళ్లినవాళ్లలో చాలామంది వట్టి చేతులతో తిరిగొచ్చారు. తల్లిని కాపాడుకుంటానని వెళ్లిన బాలనర్సింహ గంటసేపు నడిచి, ఆమె గుమ్మం ముందు నోరు పెగలక నిలబడి, అట్లాగే వెనక్కి వచ్చాడు. అయినా వరుస తరగలేదు.

సదాశివకు కావలసింది పెద్ద పనేమీ కాదు. ఒక ఫ్యూజు పీకాలి, అంతే.

లాల్‌దర్వాజాలో ఆయనది కరెంటు సామాన్ల దుకాణం. గల్లీ మొత్తానికి స్విచ్చులు అమ్మే మనిషి. ఇంట్లో నీళ్ల మోటరు స్విచ్చు పగిలింది, చేయి పెడితే చురుక్కుమంటోందని భార్య అహల్య మూడుసార్లు చెప్పింది. రేపు మారుస్తానని ఆయన మూడుసార్లూ అన్నాడు. ఒకరోజు పొద్దున తొమ్మిదింటికి నల్లా నీళ్లు వచ్చాయి. ఆయన అప్పటికే దుకాణానికి వెళ్లిపోయాడు. ఆమె వట్టి కాళ్లతో, తడి చేత్తో స్విచ్చు వేసింది. ఎదురింటి శారదమ్మ పెట్టిన కేక దుకాణం దాకా వినపడింది. ఆయన పరుగెత్తుకొచ్చేసరికి అంతా అయిపోయింది. ఆ తర్వాత ఆ గోడ వైపు ఆయన కన్నెత్తి చూడలేదు. ఇంట్లోకి నీళ్లు కూడా శారదమ్మే పట్టిపోతోంది.

బల్ల దగ్గర కూర్చున్న ఇంజనీరు అనురాగ్ లక్నో నుంచి వచ్చినవాడు. తెలుగు రాదు. కాగితాలు చూడడం ఎప్పుడో మానేశాడు. ఏ తేదీ కావాలంటే ఆ తేదీకి బ్రోకర్లు మరణ ధ్రువపత్రం అచ్చు వేయించి తెస్తుంటే ఏం నమ్ముతాడు? నోటిమాటే ఆధారం. చెప్పింది చెప్పినట్టు మీటలు నొక్కుతాడు.

ఎవరు పోయారని హిందీలో అడిగాడు. భార్య అని చెప్పాడు సదాశివ.

"కబ్, చాచా?"

తేదీ నాలిక మీదే ఉంది. కానీ దాన్ని పైకి అనలేక చంకలోని చెప్పులు సర్దుకున్నాడు. చివరికి పుట్టి పెరిగిన గల్లీ మాటే నోటికొచ్చింది.

"పర్సోం, బేటా. సుబే నౌ బజే, నల్లా ఆనే కే టైం."

అనురాగ్ జాలిగా చూసి మీట నొక్కాడు. చాలా తొందరగా వచ్చారు చాచా, మంచి పని చేశారు అన్నాడు. వరుసలో ముందు నిలబడ్డందుకు మెచ్చుకుంటున్నాడనుకున్నాడు సదాశివ. తొమ్మిదికి అరగంట ముందు దించుతానని, ఇల్లు చేరేదాకా తల ఎత్తొద్దని, దారిలో ఎవరినీ పలకరించొద్దని అనురాగ్ చెప్పి పంపాడు.

సొరంగంలో తడి సిమెంటు వాసన. ఎక్కడో ఒక రింగు పటపటమంది. సదాశివ చెప్పుల జతను గుండెకు అదుముకుని నడిచాడు. ఇరవై అడుగులు వేశాడో లేదో వెలుతురు కనపడింది. ఇంత దగ్గరనా అనుకుని మహంకాళమ్మకు మనసులోనే దండం పెట్టుకున్నాడు.

బయటపడ్డాక పరుగే. తల ఎత్తలేదు. కాళ్ల కింద రోడ్డు, గల్లీ, నల్లా కోసం వరుసగా పెట్టిన బిందెలు. అంటే నీళ్లు ఇంకా రాలేదు. ఆయాసంతో ఛాతీ పట్టేస్తున్నా ఆగలేదు. "గీసారి రేపు అననే, అహల్యా" అని దారి పొడుగునా గొణుక్కుంటూనే ఉన్నాడు.

వాకిలి దాటి నేరుగా మోటరు దగ్గరికి వెళ్లాడు. ఫ్యూజు మీద చెయ్యి వేసి ఆగిపోయాడు.

పగిలిన నల్ల స్విచ్చు అక్కడ లేదు. దాని చోట తెల్లటి స్విచ్చు బిగించి ఉంది.

ఎవరు మార్చారో ఆలోచించే ఓపిక ఆయనకు లేదు. స్విచ్చు బాగుంటే అహల్య బాగున్నట్టే. ఏడుపూ నవ్వూ ఒక్కసారే వచ్చాయి. గోడ పట్టుకుని లోపలికి పిలిచాడు.

"అహల్యా, నీకు చెప్పులు తెచ్చిన. రా, ఏసుకో."

వంటింట్లో ఉందేమో అనుకుని, దగ్గరగా వేసిన తలుపు తోసి లోపలికి అడుగుపెట్టాడు.

నడిమింటి గోడకు, పద్నాలుగేళ్ల కింద ఆమె దినాల నాడు తాను కొట్టిన మేకుకే, మొన్న పొద్దున తాను వేసిన చామంతి దండ ఇంకా వాడకుండా, అహల్య ఫోటో వేలాడుతోంది.