మామకు నచ్చిన ఆల్బం

కాకి రావడం లేదు.

సోమనర్సయ్య పోయి ఇది మూడో రోజు. దేవరుప్పుల దగ్గర వాగు ఒడ్డున పిట్టకు పెట్టి, చుట్టాలంతా తుమ్మచెట్ల వైపు చూస్తున్నారు. విస్తట్లో ఆయనకు ఇష్టమైనవన్నీ ఉన్నాయి. బగారన్నం, మటన్ కూర, సీసాలో కల్లు, కట్ట విప్పిన బీడీలు. కాకి వచ్చి ముడితేనే పోయినవాడు తృప్తిగా పోయినట్టు. అప్పటిదాకా ఇంట్లో ఎవరూ మెతుకు ముట్టరు.

విస్తరి తలాపున ఇంకొకటి కూడా ఉంది. జపాన్ గాయని ఒకామె పాడిన విరహ గీతాల ఆల్బం. ఏళ్ల తరబడి ఆమె పాడిన నెమ్మది పాటలన్నీ ఏరి ఒక్క సీడీగా వేశారు. దాన్ని కవరులోంచి తీసి మరీ అక్కడ పెట్టింది అల్లుడు యుగేందర్.

యుగేందర్ జనగామలో ఒక ప్రైవేటు కాలేజీ లెక్చరర్. తెలుగు పాట వినడు. ఎవరైనా వింటుంటే జాలిగా చూస్తాడు. జపాన్ భాష ఒక్క ముక్క రాదు గానీ, ఏ పాటలో ఎక్కడ కళ్లు తుడుచుకోవాలో బాగా తెలుసు. గృహప్రవేశమైనా, పుట్టినరోజైనా ఆ ఆల్బమే బహుమతి. తీసుకున్నవాళ్లెవరూ మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

ఒక్క మామ తప్ప.

పోయిన దసరాకు మామకూ ఒకటి ఇచ్చాడు. వినడానికి చిన్న ప్లేయర్ కూడా కొనిచ్చాడు. నెల తిరగకుండానే మామ ఫోన్ చేశాడు.

“అల్లుడా, నువ్విచ్చిన బిళ్ళ చేనుకాడ మస్తుగున్నది. అసుంటియి ఇంకో నాలుగు పంపరాదు. డబ్బ అక్కరలేదు, బిళ్ళలే పంపు.”

యుగేందర్ పొంగిపోయాడు. చదువుకున్న లెక్చరర్లకు పట్టని సంగీతం చేను గట్టున కూర్చున్న రైతుకు పట్టింది. ఆ సాయంత్రమే ఫేస్‌బుక్‌లో పెద్ద వ్యాసం రాశాడు. అందులో మామ గురించి నాలుగు వాక్యాలు, తన అభిరుచి గురించి మిగతావి ఉన్నాయి. మర్నాడే నాలుగు సీడీలు పంపాడు.

ఎండ ముదిరింది. చెట్ల నిండా కాకులున్నాయి. ఒకటి దిగింది. విస్తరి దాకా గెంతుకుంటూ వచ్చి, ఏమైందో వెనక్కి ఎగిరిపోయింది.

యుగేందర్ ఫోన్ తీసి అదే ఆల్బంలోంచి ఒక పాట పెట్టాడు. “మామయ్యకు ఇదంటే ప్రాణం. వింటే తప్పకుండా వస్తాడు.”

రెండు కాకులు లేచి పోయాయి.

సోమనర్సయ్య తమ్ముడు లక్ష్మణ్‌కు ఒళ్లు మండింది. ఆయన భూపాలపల్లిలో బొగ్గుబాయి పని చేస్తాడు. అన్నకు మగపిల్లలు లేరని తనే వచ్చి కర్మ చేస్తున్నాడు.

“అల్లుడా, గా పాట జర ఆపు. కాకులు బెదురుతున్నయ్.”

“పాటకు కాదు మామా. మీరంతా ఇట్లా గుసగుసలాడితే ఏ పక్షి వస్తుంది?”

అయినా ఆపాడు. కాకి మాత్రం రాలేదు.

లక్ష్మణ్ వెనక్కి తిరిగాడు. మగవాళ్ల వరసకు ఆవల, ఆడవాళ్ల మధ్యన వదిన ఉప్పలమ్మ నెత్తిన కొంగు కప్పుకుని తల వంచుకుని కూర్చుంది.

“వదినా, అన్న ఏమన్న మనసుల పెట్టుకున్నడా?”

ఉప్పలమ్మ కొంగు ఇంకా ముందుకు లాక్కుంది. అందరి ముందూ వచ్చిన ఆ ప్రశ్న, ఆమె పొద్దుటి నుంచి తనను తాను అడుగుతున్నదే.

“పోయే ముందటి దినం కల్లు సీసా దాచిపెట్టిన. పాణం బాగలేదు, తాగద్దన్న. గదే మనసుల పెట్టుకున్నడేమో.” కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. పక్కనున్న కూతురు పూజ తల్లి భుజం పట్టుకుంది. కాకి రాకుండా ఇంటికి పోతే, ఉన్నన్నాళ్లూ ఆ సీసా ఆమెను వదలదు.

అల్లుడికి ఆ ఏడుపు కన్నా ఆ కారణమే ఎక్కువ బాధ కలిగించింది.

“కల్లు కోసం అలిగే మనిషి కాదు అత్తమ్మా ఆయన. ఆయన స్థాయి వేరు. మీకెవరికీ అర్థం కాలేదంతే.”

లేచి వెళ్లి సీడీ చేతిలోకి తీసుకున్నాడు. దుమ్ము పడిందని జేబురుమాలుతో తుడిచాడు. మామకు బాగా కనబడేట్టు కల్లు సీసాకు ఆనించి నిలబెట్టాడు. చేతులు జోడించాడు. కళ్లలో నీళ్లు కూడా వచ్చాయి. ఎక్కడ రావాలో అక్కడే వచ్చాయి.

“మామయ్యా, ఆమె కొత్త ఆల్బం రాగానే పది తెప్పిస్తాను. మీ పేరు మీద ఊరంతా పంచుతాను. మాటిస్తున్నాను, రండి.”

ఆ మాట విన్నట్టే, చెట్ల మీద మిగిలిన కాకులన్నీ ఒక్కసారిగా లేచి వాగు దాటిపోయాయి.

“ఇగ రావు,” అని లక్ష్మణ్ నేల మీద కూలబడ్డాడు.

మగవాళ్లు చెల్లాచెదురయ్యారు. వాళ్ల మధ్యలోంచి తళుక్కున ఒక మెరుపు వచ్చి ఉప్పలమ్మ కళ్లలో పడింది. ఆమె కొంగు తొలగించి, పొద్దుటి నుంచి మొదటిసారి విస్తరి వైపు నిదానంగా చూసింది. నలుగురిలో అల్లుడితో ఎదురు మాట్లాడే అలవాటు ఆ ఇంట్లో లేదు. కూతుర్ని దగ్గరికి లాక్కుని చెవిలో చెప్పింది.

“పూజా, గా బిళ్ళ తీసెయ్యమని మీ ఆయనకు చెప్పు బిడ్డా, కాకులు వాలద్దనే గద మీ బాపు అసుంటియి మక్కచేను చుట్టూత కట్టింది.”