ఒక్క మాట ముందు

జాగ్రెబ్ శివారు స్టూడియోలో పొద్దుటి కాఫీ వేళ.

నటి ల్యెర్క తన పాత కథ చెబుతోంది. వినేవాళ్ళు లేరు.

నలభై ఏళ్ళ కిందట, వరాజ్దిన్ నాటకశాలలో, తొలి వేషంలో మాట మరిచి కొయ్యబారిపోయింది. వేదిక ముందంచున, మాట అందించే మనిషి కూర్చునే గూటిలోంచి ఒక ఆడగొంతు గుసగుసగా మొదటి మాట అందించింది. ఆపైన, "నిదానం, పిల్లా" అంది. ఆ ముఖం చూడకుండానే ల్యెర్క తెల్లారి బండెక్కేసింది.

ఈ కథ అడిగిన పత్రికలన్నింటికీ చెప్పింది. ఇవాళ మాత్రం యూనిట్ అంతా బరిత్స చుట్టూ చేరి, ఆమె చేసి తెచ్చిన అక్రోటు రొట్టె తింటోంది.

బరిత్స వారం కిందట వచ్చిన ఎక్స్‌ట్రా. ఎనభై దాటాయి. సీనులో పొయ్యి పక్కన కూర్చుని చిక్కుళ్ళు ఒలవడమే పని. ఖాళీ దొరికితే స్క్రిప్టు చదువుతూ ఉంటుంది.

డైలాగే లేనిదానికి స్క్రిప్టు దేనికి, అనుకుంది ల్యెర్క.

"మామ్మ కూర్చుంటే చాలు, సీను పండుతోంది," అన్నాడు డైరెక్టర్ తిహోమిర్.

ల్యెర్కకు కాఫీ చేదెక్కింది. నర్సు, పక్కింటావిడ, పోస్టావిడ... నలభై ఏళ్ళూ తలుపు తీసి పక్కకు తప్పుకునే వేషాలే. ఇన్నాళ్ళకు ఈ సీరియల్లో రెండు పేజీల సీను దొరికింది. ఈమధ్య మాటలు గుర్తుండటం లేదని ఎవరికీ చెప్పలేదు. ఇవాళ సీను సరిగా రాకపోతే ఆమె పాత్రను చంపేస్తామని నిర్మాత కబురు పెట్టాడు.

రిహార్సల్ మూడుసార్లూ సాఫీగా సాగింది. తడబడబోయినప్పుడల్లా మాట ఎక్కణ్ణుంచో నాలుక మీదికి వచ్చింది.

అయినా అందరూ మెచ్చుకున్నది చిక్కుళ్ళనే.

"ఆవిడ పెదాలు ఆడిస్తోంది," అంది ల్యెర్క. "నేను మాట్లాడుతుంటే ఏదో గొణుక్కుంటోంది."

"పెద్దావిడ కదా మేడమ్, పోనివ్వండి," అన్నాడు తిహోమిర్.

"ఆవిడైనా ఉండాలి, నేనైనా ఉండాలి."

బరిత్స ఒళ్ళో తొక్కలు దులుపుకుని, ల్యెర్క వైపు ఒక్కసారి చూసి, మధ్యాహ్నం రైలుకు వెళ్ళిపోయింది.

కెమెరా తిరిగింది. ల్యెర్క రెండో వాక్యం దగ్గర ఆగింది. మళ్ళీ అక్కడే ఆగింది. పదకొండో టేకు తరువాత తిహోమిర్ స్క్రిప్టు మూసేశాడు. ల్యెర్క పాత్ర వచ్చే వారం ఆస్పత్రిలో, తెర మీదికి రాకుండానే పోతుంది.

ల్యెర్క నేరుగా సౌండ్ చూసే ద్రాజెన్ దగ్గరికి వెళ్ళింది. ఆ ముసలిది తన ఏకాగ్రత ఎలా చెడగొట్టిందో పొద్దుటి రిహార్సల్ రికార్డింగ్ పెట్టి అందరికీ వినిపించమంది.

ద్రాజెన్ ఆమె వైపు వింతగా చూశాడు. "ఆవిడ అన్నవి మీ డైలాగులే మేడమ్. మీకంటే ఒక్క మాట ముందు."

హెడ్‌ఫోన్ ఇచ్చాడు.

మొదట ల్యెర్క మరిచిపోయిన మాట బరిత్స గొంతులో వినిపించింది, తరువాత చిక్కుడుకాయ చిట్లిన చప్పుడు, ఆ వెనకే గుసగుసగా, "నిదానం, పిల్లా."