మూడోసారి అడిగినప్పుడు

తెర వెనక కూర్చున్న పెళ్ళికూతురు మునీస చేతిని ఎవరో గట్టిగా పట్టుకున్నారు.

చూస్తే ఎవరో పెద్దావిడ. వెలిసిపోయిన తలగుడ్డ ముఖం మీదికి లాక్కుని, వచ్చిందగ్గర్నుంచీ ఒక్కతే మూల కూర్చుంది. ఆడపెళ్ళివారు మగపెళ్ళివారి మనిషనుకున్నారు. మగపెళ్ళివారు ఆడపెళ్ళివారి మనిషనుకున్నారు. కూలోబ్ పట్నం పక్క పల్లెల్లో పెళ్ళికొచ్చిన మనిషిని నువ్వెవరని అడగరు, పలావు పెట్టి ఊరుకుంటారు.

"పెళ్ళి ఆఫీసులో రాయించారా తల్లీ?" గుసగుసగా అడిగింది ఆవిడ.

లేదని తలూపింది మునీస. ఏ మతంవాళ్ళైనా సరే ముందు రిజిస్ట్రీ ఆఫీసులో రాయించుకోవాల్సిందేనని చట్టం మొత్తుకుంటూనే ఉంది. కానీ పెళ్ళికొడుకు పనికోసం ఎల్లుండే మాస్కో విమానం ఎక్కాలి. వచ్చాక చూసుకుందాం లెమ్మన్నాడు మామగారు. చట్టం తెలిసిన ముల్లా కూడా పలావు వాసనకి మెత్తబడ్డాడు.

"ముల్లా మూడుసార్లు అడుగుతాడు. మొదటి రెండుసార్లూ సిగ్గని పలక్కుండా ఊరుకుంటావు కదా, మూడోసారీ ఊరుకో. కాగితం చేతికొచ్చాకే పలుకుతానను. ఇంతమంది నీ మాట కోసం కాచుకుని కూర్చునేది ఈ ఒక్క పూటే."

మునీసకి భయమేసింది. "ఆయన మంచివాడు పిన్నీ."

"తుర్సున్ మంచివాడే. కానీ దూరం ఎవర్నీ మంచిగా ఉంచదు తల్లీ."

మునీసకి నవ్వొచ్చింది. "తుర్సున్ ఎవరు? మా పెళ్ళికొడుకు పేరు బహ్రోమ్. మీరు ఒక పెళ్ళికి పోబోయి ఇంకో పెళ్ళికి వచ్చినట్టున్నారు."

చుట్టూ ఉన్న ఆడవాళ్ళంతా నవ్వారు. ఆవిడ చెయ్యి వదిలేసింది.

ముల్లా మూడోసారి అడగ్గానే మునీస పలికింది. ఆవిడ తెర సందులోంచి పెళ్ళికొడుకుని కాసేపు చూసి, పలావు ముట్టకుండానే వెళ్ళిపోయింది.

బహ్రోమ్ ప్రయాణమయ్యే రోజున తల్లి సానవ్బర్ అతనిచేత రొట్టె కొరికించి గోడకి వేలాడదీసింది. మిగతాది తిరిగొచ్చి తినాలి. రొట్టె ఎండి రాయైంది. మునీస రోజూ దాని దుమ్ము దులిపేది. ఆ ఇంట్లో ఆమెకి తోడు ఆ రొట్టే.

రెండో శీతాకాలంలో ఫోనొచ్చింది. మూడుసార్లు తలాక్ చెప్పి పెట్టేశాడు. అక్కడ ఇంకెవరినో చేసుకున్నాడట, కాగితం మీద.

మునీస పరుగున ఆఫీసుకి వెళ్ళింది. ఉన్న గదిలోనన్నా తలదాచుకోనివ్వమని అడిగింది. రాయని పెళ్ళికి మేమేం ఇప్పించగలమమ్మా అన్నారు. తల్లీతండ్రీ లేని పిల్ల, ఎక్కడికి పోవాలో తెలీలేదు.

మూటతో గడప దాటుతుంటే అత్తగారు ఒక రొట్టె తెచ్చి చేతిలో పెట్టింది. కొరకమనలేదు. తిరిగొచ్చే మనిషిచేతే కొరికిస్తారు.

"ఈ వాకిట్లోంచి కాగితం లేక వెళ్ళినవాళ్ళలో నువ్వు మొదటిదానివి కాదు," అంది సానవ్బర్ తలొంచుకుని. "నాకన్నా ముందు ఒకావిడ ఉండేది. నన్ను తెచ్చుకున్నాక మీ మామగారు ఆవిణ్ణి పంపేశారు. చంటిపిల్లాణ్ణి మాత్రం ఉంచుకున్నారు. తల్లి పేరు దగ్గర నా పేరు రాయించి, వాడి పేరు కూడా మార్పించారు."

"ఏ పిల్లాణ్ణి అత్తయ్యా?"

"ఇంకెవర్ని, మీ ఆయన్నే. కన్నతల్లి వాణ్ణి తుర్సున్ అని పిలుచుకునేది."