వీపు మీద పిల్లలున్నప్పుడు

సాలీడుకూ తేలుకూ పోట్లాట పెట్టే పిల్లల పుస్తకాన్ని ఎనిమిదేళ్ల వెన్లా లైబ్రేరియన్ హిల్కా ముందు తెరిచింది. బొమ్మలో తల్లి తేలు వీపు నిండా పిల్లలే. వెన్లా ఆ తేలు మీద వేలు పెట్టింది.

“సాలీడు దీనికన్నా చాలా పెద్దదైతే?”

“ఇది ఉత్త ఊహేగా. భయపడకు.”

“పిల్లల్ని మోస్తూ గెలుస్తుందా?”

హిల్కా ఆలోచించింది. “గెలవడమెందుకు? నేనైతే పిల్లలతో పారిపోతాను.”

“పిరికిదంటారుగా?”

“పిల్లల్ని కాపాడుకోవడం పిరికితనమా? ఎవరన్నారు నీతో?”

వెన్లా కిటికీలోంచి చూపించింది. బయట మంచులో ఒకామె చంటిబిడ్డను హత్తుకుని నిలబడింది. ఆమె చెంప కమిలిపోయి ఉంది.

“ఈ మాట అమ్మకి మీరు చెప్పండి. నేను చెప్తే వినట్లేదు. నాన్న ఐదింటికి ఇంటికొస్తాడు.”

హిల్కా కోటైనా వేసుకోకుండా బయటికి పరుగెత్తింది.